హోమ్ లోన్ ఏళ్ళ తరబడి కట్టాక నా రివ్యూ: ఖర్చంతా టెన్యూర్‌లోనే ఉంది

హోమ్ లోన్ మీద నేను చూసిన రివ్యూలు దాదాపు అన్నీ లోన్ శాంక్షన్ అయిన వారం పది రోజుల్లో రాసినవే. స్టాఫ్ బాగా మాట్లాడారు, పేపర్ వర్క్ త్వరగా అయింది, రేటు పక్క బ్యాంకు కంటే పావు శాతం తక్కువ, ఇంతే ఉంటుంది వాటిల్లో. ఇరవై ఏళ్ళు వాడే వస్తువు గురించి వారంలో ఏం తెలుస్తుంది చెప్పండి. నేను సగం టెన్యూర్ (లోన్ తీర్చాల్సిన కాలం) దాటేశాను, నాది ఫ్లోటింగ్ రేటు, అంటే మధ్యలో మారే వడ్డీ రేటు, తగ్గడం చూశాను పెరగడం చూశాను, మధ్యలో పార్ట్ పేమెంట్లు చేశాను, అంటే ఈఎంఐ కాకుండా అసల్లో కొంత ముందే కట్టాను, వేరే బ్యాంకుకి మారాలా అని కూర్చుని లెక్కలు వేశాను, అందుకే ఇప్పుడు రాస్తున్నా. బ్యాంకు పేరు చెప్పను, అవసరం కూడా లేదు, ఎందుకంటే ఇక్కడ చెప్పేది నెలనెలా ఈఎంఐ కట్టే ఏ లోన్‌కైనా వర్తిస్తుంది. లెక్కలన్నీ లక్ష అప్పుకి చెప్తాను, మీ కరెన్సీ ఏదైనా సరే, మీ లోన్ ఎన్ని లక్షలైతే అన్నిటితో గుణించుకోండి.

8 శాతం వడ్డీ, 20 ఏళ్ళు. ఈఎంఐ 836 పడుతుంది. మొత్తం 240 నెలలు కడితే 2,00,746 అవుతుంది, అంటే లక్ష తీసుకుంటే లక్ష వడ్డీ. ఇది చాలామందికి తెలుసు, "డబుల్ కడతాం" అని అందరూ అనేదే. తెలియనిది ఏంటంటే ఆ వడ్డీ ఏ వరసలో పోతుందో. మొదటి నెల కట్టిన 836లో 667 వడ్డీకే పోతుంది, అసలు తగ్గేది 170 మాత్రమే. ఐదేళ్ళు ఒక్క నెల తప్పకుండా కట్టాక, జేబులోంచి 50 వేలు పోయాక, బాకీ ఎంత ఉంటుందనుకుంటున్నారు? 87,500. సరిగ్గా సగం కాలం, పదేళ్ళు కట్టినా ఇంకా 69 వేలు బాకీ. ఈఎంఐలో అసలు వాటా వడ్డీ వాటాని దాటేది పదకొండేళ్ళు గడిచాకే, బాకీ సగానికి వచ్చేది పదమూడున్నరేళ్ళు దాటాకే. దీంట్లో బ్యాంకు మోసం ఏమీ లేదు, ఆ నెల ఎంత బాకీ ఉందో దాని మీదే వడ్డీ వేస్తారు, మొదట్లో బాకీ ఎక్కువ కాబట్టి వడ్డీ ఎక్కువ, అంతే. కానీ ఈ సంగతి తెలిసి సంతకం పెట్టడం వేరు, తెలియకుండా పెట్టడం వేరు. అమోర్టైజేషన్ షెడ్యూల్ అని ఒకటి ఉంటుంది, ఏ నెల ఎంత వడ్డీ, ఎంత అసలు, ఎంత బాకీ అని 240 లైన్లు, అది లోన్ తీసుకోకముందే అడిగి తీసుకుని కనీసం మొదటి అరవై లైన్లైనా చదవండి. ఐదారేళ్ళలో ఇల్లు అమ్మేసి వెళ్ళిపోతాం అనుకునేవాళ్ళకి ఇది ఇంకా ముఖ్యం, ఎందుకంటే వాళ్ళు కట్టేది ఎక్కువ భాగం వడ్డీయే, అసలు మీద పెద్దగా ఏమీ తగ్గదు.

ఇప్పుడు ఫ్లోటింగ్ రేటు గురించి, నా అనుభవంలో అన్నిటికంటే ఖరీదైన విషయం ఇదే. రేటు పెరిగినప్పుడు మా బ్యాంకు ఈఎంఐ పెంచలేదు, అదే ఈఎంఐ ఉంచి టెన్యూర్ పెంచింది. నెలనెలా అకౌంట్లోంచి కట్ అయ్యే డబ్బు మారలేదు కాబట్టి పైకి ఏమీ జరగనట్టే ఉంటుంది. మార్పు అంతా స్టేట్‌మెంట్‌లో మిగిలిన వాయిదాలు అన్న ఒక్క గడిలో ఉంటుంది. ఆ గడి ఎంత మారుతుందో చూడండి. పైన చెప్పిన లోన్ మొదట్లోనే 8 నుంచి 9కి పెరిగి ఈఎంఐ అదే 836 ఉంచితే 240 నెలలు కాస్తా 304 నెలలు అవుతుంది. ఒక్క శాతానికి ఐదేళ్ళ పైన! అదే 10 శాతం అయితే నెల వడ్డీయే 833, మీరు కట్టేది 836, లెక్క ప్రకారం ఆ లోన్ తీరడానికి 56 ఏళ్ళు పడుతుంది. ఇంకొంచెం పెరిగితే ఈఎంఐ వడ్డీకి కూడా సరిపోక బాకీ తగ్గే బదులు పెరగడం మొదలవుతుంది, అప్పుడు ఈఎంఐ పెంచితే తప్ప ఆ లోన్ తీరదు.

రేటు ఒక శాతం రెండు శాతం పెరగడం ఎప్పుడో అరుదుగా జరిగేది అనుకోవద్దు. ఫ్లోటింగ్ రేట్లు మామూలుగా ఆ దేశపు కేంద్ర బ్యాంకు రేటు వెంటే కదులుతాయి. 2022 మార్చిలో దాదాపు సున్నా దగ్గర ఉన్న అమెరికా కేంద్ర బ్యాంకు (ఫెడ్) రేటు 2023 జూలైకల్లా 5.25-5.50కి వెళ్ళింది, బ్యాంక్ ఆఫ్ ఇంగ్లాండ్ 2021 డిసెంబర్‌లో 0.1 శాతం దగ్గర మొదలుపెట్టి 2023 ఆగస్టుకి 5.25 చేసింది, ఆర్‌బీఐ రెపో రేటు 2022 మేలో 4 ఉన్నది 2023 ఫిబ్రవరికి 6.5 అయింది. రెండేళ్ళు తిరక్కుండానే జరిగిపోయింది ఇదంతా. అమెరికాలో 2020, 2021ల్లో 3 శాతం దగ్గర 30 ఏళ్ళ ఫిక్స్‌డ్ (రేటు మారని) లోన్ తీసుకున్నవాళ్ళకి దీని వల్ల ఈఎంఐ మారలేదు, అదే ఫ్లోటింగ్ ఉన్నవాళ్ళకి, లేదా బ్రిటన్‌లోలాగా రెండేళ్ళో ఐదేళ్ళో ఫిక్స్‌డ్ ఉండి తర్వాత రీసెట్ అయ్యేవాళ్ళకి గట్టిగా తగిలింది. కాబట్టి ఫిక్స్‌డ్ అని చెప్తే ఎన్నేళ్ళకి ఫిక్స్‌డ్ అని అడగండి, పూర్తి టెన్యూర్‌కా, మొదటి రెండు మూడేళ్ళకా. ఆ ఒక్క ప్రశ్నకి వచ్చే జవాబు బట్టే రెండు వేరు వేరు లోన్లు అవుతాయి అవి.

ఇంతకీ రేటు పెరిగినప్పుడు ఏం చెయ్యాలి అంటే, కుదిరితే ఈఎంఐ పెంచమని రాసి ఇవ్వండి. పై ఉదాహరణలో 9 శాతానికి 20 ఏళ్ళలోనే తీరాలంటే ఈఎంఐ 900 అవుతుంది, నెలకి 63 ఎక్కువ. ఆ 63 కట్టకపోతే మొత్తం మీద సుమారు 38 వేలు ఎక్కువ కడతారు, లక్ష అప్పు మీద 38 వేలు! ఇంకో సంగతి, ఇదే ఒక శాతం పదేళ్ళు కట్టాక పెరిగితే టెన్యూర్ పెరిగేది తొమ్మిది నెలలే. అంటే రేటు పెరుగుదల లోన్ చిన్న వయసులో ఉన్నప్పుడే ప్రమాదం, కొత్తగా తీసుకున్నవాళ్ళు రేటు మారిందని బ్యాంకు పంపే ప్రతి రీసెట్ లెటర్ చదవాలి, పాతబడ్డవాళ్ళు కొంచెం నిమ్మదిగా ఉండొచ్చు.

30 ఏళ్ళు పెట్టుకోమని సలహా ఇచ్చేవాళ్ళు చాలామంది ఉంటారు, ఈఎంఐ తగ్గుతుంది కదా అని. ఎంత తగ్గుతుందో చూద్దాం, 836 నుంచి 734కి, అంటే పన్నెండు శాతం తగ్గింది. వడ్డీ మాత్రం లక్ష నుంచి లక్షా 64 వేలకి పోయింది. 15 ఏళ్ళు పెట్టుకుంటే ఈఎంఐ 956, వడ్డీ 72 వేలే. నెలకి 120 తేడాకి వడ్డీలో పాతిక శాతం పైన మిగులుతుంది. పొడుగు టెన్యూర్ పెట్టుకుని చేతిలో డబ్బున్నప్పుడు ఎక్కువ కట్టుకోవచ్చు, ఉద్యోగం పోతే తక్కువ ఈఎంఐ కాపాడుతుంది అనే వాదన కూడా నిజమే, నేను కొట్టెయ్యను, ఆదాయం నిలకడగా లేనివాళ్ళకి అదే మంచిది. కానీ రెండు షరతులు ఉన్నాయి, ముందే కడితే పెనాల్టీ ఉండకూడదు, ఎక్కువ కట్టే అలవాటు నిజంగా ఉండాలి. నేను చూసినంతలో ఆ మిగిలిన వంద ఎవరికీ లోన్‌లోకి తిరిగి పోదు, ఇంటి ఖర్చుల్లో కలిసిపోతుంది.

పార్ట్ పేమెంట్ మాత్రం ఈ మొత్తం వ్యవహారంలో మన చేతిలో ఉన్న ఒకే ఒక్క గట్టి పనిముట్టు. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కడితే చాలు, 20 ఏళ్ళ లోన్ 17 ఏళ్ళు నిండకముందే అయిపోతుంది. ఎప్పుడు కట్టామన్నది కూడా ముఖ్యం. లక్ష లోన్ మీద 5 వేలు మొదటి ఏడాది చివర కడితే 25 ఈఎంఐలు ఎగిరిపోతాయి, అంటే దగ్గర దగ్గర 16 వేల వడ్డీ మిగిలినట్టు. అదే 5 వేలు పదేళ్ళ తర్వాత కడితే తగ్గేది పన్నెండో పదమూడో ఈఎంఐలు. బోనస్ వచ్చినప్పుడు చూద్దాంలే, కొన్నేళ్ళు పోయాక కడదాంలే అనుకునేవాళ్ళకి ఇది చెప్పాలి. కట్టేటప్పుడు ఈఎంఐ తగ్గించాలా టెన్యూర్ తగ్గించాలా అని అడుగుతారు, కొన్నిచోట్ల అడక్కుండానే ఏదో ఒకటి చేసేస్తారు, టెన్యూర్ తగ్గించమని రాతపూర్వకంగా చెప్పండి, తర్వాత కొత్త షెడ్యూల్ తీసుకుని పాతదాంతో పోల్చుకోండి. ఒక్క జాగ్రత్త, లోన్‌లోకి వేసిన డబ్బు మామూలుగా వెనక్కి రాదు, ఆర్నెల్ల ఇంటి ఖర్చు, ఈఎంఐలతో సహా, పక్కన పెట్టుకున్నాకే వెయ్యండి. సేవింగ్స్‌లో ఉన్న డబ్బుని బాకీలోంచి తీసేసి మిగతాదానికే వడ్డీ వేసే లోన్లు కూడా కొన్నిచోట్ల ఉంటాయి, కావాలంటే డబ్బు వెనక్కి తీసుకోవచ్చు, రేటు కొంచెం ఎక్కువ ఉంటుంది, చేతిలో ఎప్పుడూ కొంత డబ్బు ఆడే వ్యాపారస్తులకి అది బాగా పనికొస్తుంది.

బ్యాలెన్స్ ట్రాన్స్‌ఫర్, అంటే మిగిలిన బాకీని ఇంకో బ్యాంకుకి మార్చుకోవడం, ఆ లెక్క నాకు నిద్ర పట్టనివ్వలేదు కాబట్టి అది కూడా చెప్తా. ఐదేళ్ళు కట్టాక 87,500 బాకీ ఉంది, ఇంకో బ్యాంకు 7 శాతానికి ఇస్తానంది, మళ్ళీ 20 ఏళ్ళకి. ఈఎంఐ 836 నుంచి 679కి పడిపోతుంది, చూడ్డానికి ఎంత బాగుందో. కానీ పాత లోన్‌లో ఇక కట్టాల్సింది 1,50,600, కొత్తదాంట్లో కట్టాల్సింది 1,62,900. రేటు ఒక శాతం తగ్గింది, ఖర్చు 12 వేలు పెరిగింది! ఎందుకంటే గడియారం వెనక్కి తిప్పారు, 15 ఏళ్ళు మిగిలినదాన్ని మళ్ళీ 20 చేశారు. అదే 7 శాతానికి మారి, పాత 836నే కట్టుకుంటూ పోతే పదమూడున్నరేళ్ళలో తీరిపోతుంది, 15 వేలు మిగులుతాయి. మారడం మంచిదే, టెన్యూర్ మాత్రం మిగిలినంతే ఉంచండి, మిగిలే డబ్బులోంచి కొత్త బ్యాంకు ఫీజులు, లీగల్ ఖర్చులు, పాత బ్యాంకు పెనాల్టీ ఉంటే అదీ తీసేసి అప్పుడు చూస్కోండి.

మిగతా ఖర్చుల సంగతి త్వరగా చెప్పేస్తా. ప్రాసెసింగ్ ఫీజు, వాల్యుయేషన్, లీగల్, రిజిస్ట్రేషన్ ఇవన్నీ ఒక్కసారి పోయేవి, అందుకే రెండు లోన్లు పోల్చేటప్పుడు ఫీజులు కూడా కలిపి వేసిన వార్షిక రేటు అడగాలి, ఉత్త వడ్డీ రేటు చూస్తే సరిపోదు. ఇన్సూరెన్స్ ప్రీమియం లోన్‌లోనే కలిపేస్తాం, మీకు చేతినుంచి పడదు అంటే ఒప్పుకోవద్దు, లక్షకి 3 వేల ప్రీమియం లోన్‌లో కలిపితే 20 ఏళ్ళలో 6 వేలు కడతారు, ఇన్సూరెన్స్ కావాలి, తప్పకుండా కావాలి, కానీ విడిగా తీసుకుని విడిగా కట్టండి. కడుతున్న ఇల్లైతే చేతికొచ్చేదాకా వడ్డీ మాత్రమే కట్టించే పద్ధతి ఉంటుంది, ఆ నెలల్లో అసలు ఒక్క పైసా తగ్గదు, బిల్డర్ ఆలస్యం చేసిన ప్రతి నెలా మీ ఖర్చే. ఫ్లాట్ రేటు, అంటే బాకీ తగ్గుతున్నా మొదటి అప్పు మొత్తం మీదే చివరిదాకా వడ్డీ వేసే రేటు, అలా ఎవరైనా 5 శాతం చెప్తే అది చవక అనుకోవద్దు, 20 ఏళ్ళకి 5 శాతం ఫ్లాట్ అంటే పైన చెప్పిన 8 శాతం రెడ్యూసింగ్‌కి (మిగిలిన బాకీ మీదే వేసే వడ్డీకి) దాదాపు సమానం. ఇంటి పన్ను, రిపేర్లు, మెయింటెనెన్స్ ఎలాగూ ఉంటాయి, అద్దెతో పోల్చేటప్పుడు ఈఎంఐ ఒక్కదాన్నే తీసుకుని పోలుస్తారు జనం, అది న్యాయమైన పోలిక కాదు.

ఇన్ని చెప్పాను కాబట్టి లోన్ పక్షాన కూడా ఒక మాట చెప్పాలి. లక్షకి రెండు లక్షలు అని భయపడేవాళ్ళు ధరలు పెరుగుతాయన్న సంగతి మర్చిపోతారు. ఏడాదికి 4 శాతం చొప్పున ధరలు పెరిగితే ఇరవయ్యో ఏడు చివర కట్టే 836 ఈ రోజు లెక్కలో 380 విలువే. మొత్తం ఈఎంఐలన్నిటినీ అలా ఈ రోజు విలువకి మారిస్తే రెండు లక్షలు కాదు, సుమారు లక్షా 39 వేలు అవుతుంది. నా మట్టుకు నాకు మొదటి మూడేళ్ళు ఈఎంఐ తారీఖు వస్తుందంటే గుండె దడ, ఇప్పుడు అదే ఈఎంఐ జీతంలో చిన్న ముక్క. కాబట్టి హోమ్ లోన్ అనే వస్తువుకి నేను ఐదుకి నాలుగు ఇస్తాను, చేతిలో లేని డబ్బుతో ఇంట్లో ఉండనిచ్చింది, పిల్లలు ఒకే చోట పెరిగారు. దాని ఖర్చుని మనకి చెప్పే పద్ధతికి మాత్రం రెండే ఇస్తాను, టెన్యూర్ పెరిగిందన్న వార్త ఒక మూల గడిలో కాకుండా పెద్ద అక్షరాల్లో మొదటి పేజీలో రావాలి.

ఎవరికి పనికొస్తుంది అంటే, అక్కడ కనీసం ఏడెనిమిదేళ్ళు ఉంటారని నమ్మకం ఉన్నవాళ్ళకి, రేటు రెండు శాతం పెరిగినా ఈఎంఐ పెంచి కట్టగలిగేవాళ్ళకి. ఆ రెండో లెక్క ముందే వేసుకోండి, 10 శాతానికి ఈఎంఐ 965, అది కట్టలేం అనిపిస్తే లోన్ మొత్తం తగ్గించండి, టెన్యూర్ పెంచొద్దు.

ఇంకొక్క విషయం, మా అన్నయ్య లోన్ ఈమధ్యే క్లోజ్ అయింది కాబట్టి తెలిసింది. చివరి ఈఎంఐ కట్టగానే పని అయిపోదు. బాకీ లేదని లెటర్, ఒరిజినల్ డాక్యుమెంట్లు అన్నీ లిస్టు ప్రకారం వెనక్కి, ఆస్తి మీద తాకట్టు తీసేసినట్టు రికార్డుల్లో నమోదు, క్రెడిట్ రిపోర్ట్‌లో క్లోజ్డ్ అని మారడం, ఈ నాలుగూ చూసుకోవాలి. అన్నయ్యకి మూడు వచ్చాయి, తాకట్టు తీసేసిన నమోదు కోసం ఇంకా తిరుగుతున్నాడు. మీరు లోన్ తీసుకునే రోజే బ్యాంకుకి ఇచ్చిన ప్రతి కాగితానికీ లిస్టు రాయించి, సంతకం స్టాంపు వేయించుకుని, ఒక కాపీ ఇంట్లో పెట్టుకోండి.