పార్లమెంటుకి జార్జి దారి మేలా, నిర్మల దారి మేలా, నీలేకని దారి మేలా?

ఎలక్షన్లు వస్తే చాలు మా బెంగళూరు మారతహళ్లి బ్యాచ్‌లో ఒకటే గోల, ముందు ఏ పని చేసినోళ్లు ఎంపీ అయితే బెటర్ అని. ఎక్కువమంది చదువుకున్నోళ్లు రావాలి బ్రో అని తేల్చేస్తారు. నేనైతే డిగ్రీ చూడను, ఆ పాత ఉద్యోగంలో ఎవరితో తిరిగారు అనేది చూస్తా.

జార్జి ఫెర్నాండెజ్‌ది తీసుకోండి. మంగళూరు మనిషి, చర్చి ఫాదర్ అవుతాడని ఇంట్లోవాళ్లు 16 ఏళ్లకే బెంగళూరు సెమినరీకి పంపారు, అక్కడ పెద్దవాళ్లకి ఒక తిండి పిల్లలకి ఒక తిండి పెడుతున్నారని చిరాకేసి బయటికొచ్చేశారు. 1949లో బొంబాయి పోయి ఫుట్‌పాత్ మీద పడుకున్నారు, పేపర్ ఆఫీసులో ప్రూఫులు దిద్దారు, తర్వాత హోటల్ వర్కర్లు, టాక్సీ డ్రైవర్లు, వాళ్ల యూనియన్లు, సమ్మెలు, జైళ్లు. 1961లో అక్కడి కార్పొరేషన్‌కి గెలిచి, 1967లో దక్షిణ బొంబాయిలో ఎస్.కె. పాటిల్ అంతటి కాంగ్రెస్ దిగ్గజాన్నే పడగొట్టారు. అంటే ఫుట్‌పాత్ నుంచి లోక్‌సభకి 18 ఏళ్లు. ఎమర్జెన్సీలో అరెస్టయ్యి, 1977లో జైల్లో ఉండే బీహార్ ముజఫర్‌పూర్ నుంచి గెలిచారు, అసలు ప్రచారానికి వెళ్లే వీలే లేదు!

నిర్మలా సీతారామన్ గారిది పూర్తిగా వేరే రూటు. మధురైలో పుట్టి, జేఎన్‌యూలో చదివి, లండన్‌లో ఇంటి సామాన్ల షాపులో సేల్స్ చేసి, తర్వాత ప్రైస్ వాటర్‌హౌస్‌లో పనిచేసి, మన నరసాపురం కోడలిగా హైదరాబాద్ వచ్చారు. జాతీయ మహిళా కమిషన్, బీజేపీ అధికార ప్రతినిధి, 2014లో ఆంధ్ర నుంచి రాజ్యసభ, 2016 నుంచి కర్ణాటక సీటు. 2003లో చట్టం మార్చి, ఏ రాష్ట్రం సీటుకి నిలబడితే ఆ రాష్ట్రంలోనే ఓటు ఉండాలనే రూల్ తీసేశారు కాబట్టి ఇలాంటివి కుదురుతున్నాయి. రాజ్యసభకి ఓటేసేది ఎమ్మెల్యేలు, వీధుల్లో తిరిగే పని లేదు, కానీ పార్టీ వద్దనుకుంటే ఆరేళ్లకి సీటు పోతుంది. చిత్రం ఏంటంటే జార్జి, నిర్మల ఇద్దరూ రక్షణ మంత్రి కుర్చీలో కూర్చున్నవాళ్లే.

ఇక మా ఐటీ జనాలకి బాగా నచ్చే దారి నందన్ నీలేకనిది. ఇన్ఫోసిస్ పెట్టినోళ్లలో ఒకరు, ఆధార్ పని నడిపించారు, ఆ తర్వాత నేరుగా 2014లో బెంగళూరు సౌత్‌లో కాంగ్రెస్ టికెట్. అక్కడ 1996 నుంచి పాతుకుపోయిన అనంత్ కుమార్ చేతిలో 2 లక్షల పైచిలుకు ఓట్ల తేడాతో ఓడిపోయారు. 2009లో అదే సీటులో ఇండిపెండెంట్‌గా దిగిన ఎయిర్ డెక్కన్ విమానాల కంపెనీ పెట్టిన గోపీనాథ్ కూడా ఓడిపోయారు. పేరు అందరికీ తెలుసు, పనితనం మీద డౌటే లేదు, కానీ బూత్ దగ్గర వీళ్ల కోసం ఎండలో నిలబడే మనిషి కావాలిగా, ఆ మనిషి జీతానికి దొరకడు.

నన్నడిగితే నా ఓటు జార్జి దారికే, అయితే అది కూడా జీవితాంతం కాపాడే దారి అని అనుకోకండి. 2009లో పార్టీ టికెట్ ఇవ్వకపోతే అదే ముజఫర్‌పూర్‌లో ఇండిపెండెంట్‌గా నిలబడి ఓడిపోయారు, కొన్ని నెలలకే మళ్లీ పార్లమెంటుకి వెళ్లింది రాజ్యసభ మీదే, అదీ పోటీ లేకుండా! మంచి ప్రొఫెషన్ ఉండి, టీవీ డిబేట్‌లో పార్టీ తరఫున ఓపిగ్గా మాట్లాడగలిగితే నిర్మల రూటు తప్పేం కాదు, కాకపోతే ఆ సీట్లు వేళ్ల మీద లెక్కపెట్టేన్ని.

బెంగళూరులో వచ్చిన చిక్కు ఏంటంటే జార్జి ఎక్కిన మొదటి మెట్టు కార్పొరేషన్, ఇక్కడ అప్పటి కార్పొరేషన్ బీబీఎంపీ కౌన్సిల్ గడువు 2020 సెప్టెంబర్‌లో అయిపోయాక ఏళ్ల తరబడి ఎలక్షనే పెట్టలేదు. దానికి తోడు మనోళ్లలో చాలామంది ఓటు ఇంకా ఊళ్లోనే, 2024లో ఏప్రిల్ 26న బెంగళూరు పోలింగ్ రోజు ఇంట్లో పడుకుని, మే 13కి మాత్రం బస్సు టికెట్ ఎంతైనా పెట్టి ఆంధ్రకి పరిగెత్తారు. ఇక్కడ వార్డులో నిలబడాలని నిజంగా ఉన్నోళ్లు ముందు ఫారం 8 పెట్టి ఓటు ఇక్కడికి మార్పించుకోండి, మిగతాది తర్వాత మాట్లాడుకుందాం.