అడవి కాపలాకు డబ్బు ఎవరివ్వాలి: బడ్జెట్టా, టికెట్టా, కంపానా?

ఒక ఫిబ్రవరిలో ఓ టైగర్ రిజర్వు బేస్ క్యాంపు దగ్గర సగం రోజు కూర్చున్నాను. ఏ రిజర్వో చెప్పను, చెబితే అక్కడ పనిచేసేవాళ్లకు ఇబ్బంది. రేకుల షెడ్డు, మూలన రెండు బియ్యం బస్తాలు, మేకుకు తగిలించిన వైర్‌లెస్ సెట్టు, బయట రాళ్ల పొయ్యి మీద ఉడుకుతున్న పప్పు. ఐదుగురు వాచర్లు ఉండాల్సిన చోట ముగ్గురే ఉన్నారు. వాళ్లలో పెద్దాయన చేత్తో గడ్డి తుంపి, నలిపి, పొడి చేసి చూపించి, "ఇంత ఎండిపోయింది సార్, ఫైర్ లైన్లు సగమే కొట్టాం, కూలీలకు ఇవ్వాల్సిన డబ్బు పైనుంచి ఇంకా రాలేదంటున్నారు" అన్నాడు. ఫైర్ లైన్ అంటే అడవి మధ్యలో కొన్ని మీటర్ల వెడల్పున గడ్డి, ఆకులు తీసేసి వదిలే బాట, నిప్పు అంటుకుంటే అక్కడికి వచ్చి ఆగిపోవాలని. ఆ పని జనవరి, ఫిబ్రవరిలోనే అయిపోవాలి. మార్చి నెలాఖరున డబ్బు వస్తే కాగితాల మీద ఖర్చు చూపించవచ్చేమో గానీ, అప్పటికే కాలిన అడవికి దానితో పనేముంది?

అప్పటి నుంచి ఈ ప్రశ్న నన్ను వదల్లేదు. అడవికి డబ్బు ఏ దారిలో వస్తే మేలు? మన దగ్గర ప్రధానంగా మూడు దారులున్నాయి: ప్రభుత్వ బడ్జెట్, సందర్శకుల టికెట్, అడవి నరికినందుకు కట్టే పరిహార నిధి, అంటే కంపా. నేషనల్ పార్కు, అభయారణ్యం, టైగర్ రిజర్వు చట్టం దృష్టిలో వేర్వేరే అయినా ఇక్కడ కలిపే మాట్లాడుతున్నాను. ఒక్క తేడా మాత్రం చెప్పాలి. పులి ఉన్న అడవికి దొరికినంత డబ్బు పులి లేని అడవికి దొరకదు. తిరుపతి శేషాచలంలోని శ్రీవెంకటేశ్వర నేషనల్ పార్కుకు, పాపికొండలకు దొరికే శ్రద్ధను నల్లమలకు దొరికేదానితో పోల్చి చూస్తే అర్థమవుతుంది.

ముందు బడ్జెట్ సంగతి. 1973 ఏప్రిల్ 1న తొమ్మిది రిజర్వులతో ప్రాజెక్ట్ టైగర్ మొదలైనప్పటి నుంచి ఇదే వెన్నెముక. ఇప్పుడు ఒక్కసారి పెట్టే ఖర్చులో కేంద్రం 60, రాష్ట్రం 40 శాతం, ఏటా వచ్చే ఖర్చులో చెరి సగం, ఈశాన్య, హిమాలయ రాష్ట్రాలకైతే 90 శాతం కేంద్రానిదే. దీని గొప్పతనం ఏంటంటే అడవికి ఒక్క టూరిస్టు రాకపోయినా వాచర్‌కు జీతం రావాలి, వస్తుంది కూడా. పులి కనిపించిందా లేదా అన్నదానితో సంబంధం లేదు. కష్టమంతా ఆ డబ్బు నడిచే దారిలో ఉంది. రిజర్వు వాళ్లు ఏడాది ప్రణాళిక రాస్తారు, అది రాష్ట్రానికి, అక్కడి నుంచి ఢిల్లీకి, మంజూరయ్యాక మొదటి వాయిదా రాష్ట్ర ఖజానాకి, రాష్ట్రం తన వాటా కలిపి కిందికి వదలాలి, ఖర్చు లెక్కలు పంపితే రెండో వాయిదా. ఎక్కడ ఒక్క ఫైలు ఆగినా చివర్లో ఉన్న ఆ రేకుల షెడ్డు దాకా తగులుతుంది.

అమెరికా పార్కులకు డబ్బుకు లోటేముందిలే అనుకుంటాం, మనవాళ్లు ఏటా యోసెమిటీ, గ్రాండ్ కాన్యన్ ఫొటోలు పంపుతూనే ఉంటారు కదా. అక్కడ కూడా పార్కులను నడిపేది ప్రధానంగా బడ్జెట్ డబ్బే. అలాంటి పెద్ద పార్కుల్లో కారుకు 35 డాలర్లు తీసుకుంటారు, 2004 నాటి చట్టం ప్రకారం అందులో కనీసం 80 శాతం వసూలు చేసిన పార్కుకే మిగులుతుంది, అయినా మొత్తం ఖర్చులో గేటు డబ్బు వాటా చిన్నదే. 2023లో సందర్శకులు పార్కుల చుట్టుపక్కల ఊళ్లలో 2,640 కోట్ల డాలర్లు ఖర్చు పెట్టారనీ, దానివల్ల 4 లక్షలకు పైగా ఉద్యోగాలు నిలబడ్డాయనీ వాళ్ల పార్క్ సర్వీసే లెక్క చెప్పింది. అంత రాబడి తెచ్చే సంస్థకు వాయిదా పడిన మరమ్మతుల బకాయి 2,000 కోట్ల డాలర్లు దాటి ఉంది! 2018 డిసెంబర్‌లో బడ్జెట్ గొడవతో ప్రభుత్వం 35 రోజులు మూతపడినప్పుడు చాలా పార్కుల్లో గేట్లు తెరిచే ఉంచారు, సిబ్బంది మాత్రం లేరు. జాషువా ట్రీ పార్కులో జనం బండ్లు ఇష్టమొచ్చినట్టు నడిపి చెట్లను పాడు చేశారు. అంటే బడ్జెట్‌కు రాజకీయం పెద్ద గండం, అది ఎంత ధనిక దేశమైనా.

మరి టికెట్? చూసేవాడు కడతాడు, డబ్బు అక్కడే ఉంటుంది, అక్కడే ఖర్చవుతుంది. వినడానికి చాలా బాగుంటుంది, కొన్నిచోట్ల నిజంగానే బాగుంది. మధ్యప్రదేశ్‌లో 1990ల చివరి నుంచే గేటు రాబడి ఖజానాకు పోకుండా పార్కు అభివృద్ధి నిధికి వెళ్తోంది. కేరళలోని పెరియార్ టైగర్ రిజర్వులో, సందర్శకుల డబ్బును అక్కడే ఖర్చు పెట్టే సంస్థగా పెరియార్ ఫౌండేషన్ 2004లో వచ్చింది, ఆ తరహాలోనే 2006లో వన్యప్రాణి చట్టాన్ని సవరించి ప్రతి టైగర్ రిజర్వుకూ ఒక ఫౌండేషన్ ఉండాలన్నారు. పెరియార్‌లో నాకు బాగా నచ్చిన విషయం డబ్బు కన్నా మనుషులది. ఒకప్పుడు దాల్చినచెక్క జాతి చెట్ల బెరడు దొంగతనంగా ఒలిచి అమ్ముకున్నవాళ్లే సంఘంగా ఏర్పడి, ఇప్పుడు సందర్శకులను అడవిలోకి తీసుకెళ్లే గైడ్లయ్యారు, రాత్రి గస్తీ తిరిగారు. ఏ దారిలో దొంగలు వస్తారో వాళ్ల కన్నా బాగా ఎవరికి తెలుసు? నల్లమలలో తెలంగాణ వైపున్న మన టైగర్ రిజర్వు అమ్రాబాద్‌లో కూడా మన్ననూరు నుంచి వెళ్లే సఫారీలకు చెంచు యువకులు గైడ్లుగా ఉంటున్నారు. ఒక జీపు తిరిగితే ఒక చెంచు ఇంట్లో ఆ రోజు పొయ్యి వెలుగుతుందంటే దాన్ని తక్కువ చేసి మాట్లాడటానికి నాకు నోరు రాదు.

కానీ టికెట్ మీదే అడవిని నడపాలంటే మాత్రం నేను ఒప్పుకోను. జూలై నుంచి సెప్టెంబర్ దాకా వానల్లో సఫారీలు బంద్, వాచర్ కడుపుకు బంద్ ఉండదు కదా. 2020లో కరోనాతో గేట్లన్నీ మూతపడినప్పుడు దక్షిణాఫ్రికా పరిస్థితి చూడండి. అక్కడి పార్కుల సంస్థ రాబడిలో దాదాపు 80 శాతం సొంత సంపాదనే, ముఖ్యంగా టూరిజం. క్రూగర్ లాంటి కొన్ని పెద్ద పార్కులు సంపాదించి మిగతా చిన్న పార్కులను పోషించే పద్ధతి. సందర్శకులు ఆగిపోయేసరికి పోషించే చెయ్యే ఖాళీ అయింది. మన దగ్గరైతే ఇంకో చిక్కు ఉంది, నల్లమలలో పులి ఉన్నా కనిపించడం అరుదు. రణథంబోర్‌లోనో తాడోబాలోనో కనిపించినట్టు ఇక్కడ దారి మీదికి వచ్చి కూర్చోదు. రాబడి పెరగాలంటే ఏం చేయాలనిపిస్తుంది? జీపులు పెంచాలి, కొత్త దారులు వేయాలి, నీటి గుంటలు రోడ్డు పక్కకు తేవాలి. అప్పుడు అడవి జంతువు కోసం కాకుండా కెమెరా కోసం తయారవుతుంది. కోర్ ప్రాంతంలో, అంటే రిజర్వు నడిబొడ్డున ఉన్న అడవిలో, 20 శాతానికి మించి టూరిజం ఉండకూడదని జాతీయ పులుల సంరక్షణ ప్రాధికార సంస్థ 2012లో నియమం పెట్టింది ఇందుకే.

హైదరాబాద్‌లోని కేబీఆర్ పార్కు కూడా చట్టప్రకారం నేషనల్ పార్కే. చుట్టూ జూబ్లీహిల్స్, బంజారాహిల్స్, పొద్దున్నే నడకకు వచ్చేవాళ్లు ఏడాది పాసులు కొనుక్కుంటారు, నెమళ్లను చూస్తూ నడుస్తారు. అక్కడ టికెట్ పద్ధతి హాయిగా సాగుతుంది. అదే పద్ధతి అమ్రాబాద్ 2,611 చదరపు కిలోమీటర్లకు సాగదు. శ్రీశైలం మల్లన్న దర్శనానికి ఆ అడవి మీదుగా ఏటా లక్షల మంది వెళ్తారు, వాళ్లలో ఎంతమంది తాము టైగర్ రిజర్వులో ఉన్నామని అనుకుంటారు చెప్పండి.

ఇక కంపా. ఎవరైనా గనికో, కాలువకో, రోడ్డుకో అటవీ భూమి తీసుకుంటే దానికి బదులు చెట్లు పెంచే ఖర్చు, ఆ అడవి విలువ లెక్కగట్టి ఇంకొంత కట్టాలి. ఆ డబ్బు ఏళ్ల తరబడి పేరుకుపోయి, 2016లో చట్టం వచ్చి, 2019 ఆగస్టులో కేంద్రం రాష్ట్రాలకు 47 వేల కోట్లకు పైగా బదిలీ చేసింది. అందులో తెలంగాణకు 3,110 కోట్లు, ఆంధ్రప్రదేశ్‌కు 1,734 కోట్లు. మొత్తం పరంగా చూస్తే మిగతా రెండు దారులూ దీని ముందు చిన్నవే. పెద్ద మొత్తం కదా అని సంతోషపడదామంటే, ఆ అంకె పెద్దదయ్యేకొద్దీ పోయిన అడవి కూడా పెద్దదే. ఒకచోట అడవి పోతేనే ఇంకోచోట అడవికి డబ్బు. పైగా, బదులుగా రావాల్సిన భూమి కూడా సరిగా రాలేదు: 2006 నుంచి 2012 దాకా రావాల్సిన 1,03,382 హెక్టార్ల అటవీయేతర భూమిలో వచ్చింది 28,086 హెక్టార్లేనని కాగ్ 2013లో తేల్చింది.

ధర సంగతి కూడా చూడండి. 2022లో సవరించిన రేట్ల ప్రకారం హెక్టారు అడవి విలువ రకాన్ని బట్టి సుమారు తొమ్మిదిన్నర లక్షల నుంచి పదహారు లక్షలు. అభయారణ్యమైతే దానికి ఐదు రెట్లు, నేషనల్ పార్కైతే పది రెట్లు కట్టాలని సుప్రీంకోర్టు 2008లోనే చెప్పింది. అత్యధిక రేటు, పది రెట్లు తీసుకున్నా ఎకరానికి 65 లక్షల లోపే. శంషాబాద్ చుట్టుపక్కల ఎకరం ధర తెలిసినవాళ్లు పోల్చుకోండి. ఏ రియల్ ఎస్టేట్ వ్యాపారీ పెంచలేని వందల ఏళ్ల మద్ది, నల్లమద్ది, వేగి చెట్లున్న నేల అది.

అసలు విలువ ఎంత అంటే, భోపాల్‌లోని భారతీయ అటవీ నిర్వహణ సంస్థ రెండు విడతల్లో లెక్క కట్టింది. 2015లో ఆరు రిజర్వులు, 2019లో మరో పది, ఆ పదిలో మన నాగార్జునసాగర్ శ్రీశైలం కూడా ఉంది. మొదటి విడతలో పెరియార్ ఏడాదికి ఇచ్చే ప్రయోజనం 1,760 కోట్లని తేలింది, అందులో తమిళనాడు జిల్లాలకు వెళ్లే నీటి విలువే 405 కోట్లు. వీటిలో చాలా అంకెలు అంచనా సూత్రాలతో వచ్చినవి, జేబులోకి వచ్చే డబ్బు కాదు కాబట్టి వాటిని పట్టుకుని గొప్పలు పోవడం నాకు ఇష్టం ఉండదు. కానీ నీళ్లు అంచనా కాదు, కళ్ల ముందు పారుతున్నాయి. కేరళ అడవిలో ఇంకిన నీళ్లు మదురై వైపు పొలాలకు వెళ్తుంటే, ఆ రైతు ఎప్పుడూ పెరియార్ గేటు దగ్గర టికెట్ కొనడు. టికెట్ పద్ధతికి ఇదే అసలు లోపం, అడవి వల్ల ఎక్కువ లాభపడేవాళ్లు గేటు దాకా రారు.

మన సంగతికి వస్తే, శ్రీశైలం జలాశయం కట్టినప్పుడు 308 టీఎంసీలు పట్టేది, పూడికతో ఇప్పుడు 215కు పడిపోయింది. ఆ పూడిక చాలావరకు పైన చెట్లు లేని పరివాహకం నుంచి కొట్టుకొచ్చిందే. కృష్ణకు రెండు వైపులా నల్లమల కొండలు చెట్లతో ఉండబట్టి ఆ గట్లన్నా నిలిచి ఉన్నాయి. 2019లో అమ్రాబాద్‌లో యురేనియం అన్వేషణ మాట వచ్చినప్పుడు చెంచు పెంటల (అడవిలోని చిన్న గూడేల) నుంచి హైదరాబాద్ దాకా జనం ఎందుకు అంత కదిలారో, సెప్టెంబర్‌లో తెలంగాణ శాసనసభ ఎందుకు వ్యతిరేక తీర్మానం చేసిందో ఆలోచిస్తే, లెక్కలు కట్టకముందే ఆ విలువ మనకు తెలుసనిపిస్తుంది.

అందుకే నా ఓటు ముందు బడ్జెట్‌కే. జీతాలు, బేస్ క్యాంపులు, ఫైర్ లైన్లు, ఎండాకాలం సాసర్ గుంటల్లో ట్యాంకరుతో నీళ్లు పోయడం, ఈ నాలుగూ టికెట్ మీదా కంపా మీదా ఆధారపడకూడదు. వాటి డబ్బు అక్టోబర్ కల్లా రిజర్వు చేతిలో ఉండాలి. దీనికి కొత్త నిధి అక్కర్లేదు, తేదీ చాలు. టికెట్ డబ్బు పూర్తిగా అక్కడే ఉండాలి, అందులో పెద్ద వాటా అడవి అంచు ఊళ్లకు, పెంటలకు పోవాలి. రువాండా గొరిల్లా అనుమతికి 1,500 డాలర్లు తీసుకుంటూ పార్కుల రాబడిలో 10 శాతం చుట్టుపక్కల జనానికి ఇస్తోంది, మనం అంతకన్నా ఎక్కువే ఇవ్వగలం. కంపా కింద వచ్చిన డబ్బును పాడైన అడవి బాగుచేయడానికి వాడుకుందాం, కానీ ఏటా వస్తుందని దాని మీద లెక్క వేసుకోవద్దు, రాకపోవడమే మంచిది.

వీటికి నాలుగోది ఒకటి కలపాలని నా కోరిక: నీళ్లు తాగేవాళ్లు ఇచ్చే వాటా. కోస్టారికా 1997 నుంచి ఇంధనం మీద పన్నులో కొంత తీసి, అడవి నిలబెట్టిన భూయజమానులకు ఇస్తోంది. అంత దూరం ఎందుకు, హిమాచల్‌లోని పాలంపూర్ మున్సిపాలిటీ 2010 నుంచి తమ ఊటనీళ్లకు పైనున్న అడవిని కాపాడుతున్నందుకు బోహల్ గ్రామ సంఘానికి ఏడాదికి 10 వేల రూపాయలు ఇచ్చేలా ఒప్పందం చేసుకుంది. మొత్తం చిన్నదే, కానీ మన నీళ్లు ఎవరి కాపలాలో ఉన్నాయో ఆ ఊరు ఒప్పుకుంది. నాగార్జునసాగర్ నుంచి కృష్ణా నీళ్లు తాగే హైదరాబాద్ నల్లా బిల్లులో నెలకు రెండు రూపాయలు నల్లమల కాపలా పేరిట వస్తే ఎవరూ కాదనరని నా నమ్మకం.

అంతదాకా మనం చేయగలిగింది చిన్నదే. ఈసారి ఏ అడవికి వెళ్లినా కౌంటర్‌లో ఇచ్చిన రసీదు జేబులో కుక్కేయకుండా చదవండి. దాని మీద ఆ రిజర్వు ఫౌండేషన్ పేరుందా లేదా చూడండి, లేకపోతే ఈ డబ్బు ఎక్కడికి పోతుందని అక్కడున్నవాళ్లను అడగండి. ఫిబ్రవరిలో వెళ్తే, ఫైర్ లైన్లు కొట్టడం అయిందా అని కూడా అడగండి.