పప్పు ఉడకని నీళ్లతో ఎస్ప్రెసో: బరిస్టా ఎక్స్‌ప్రెస్ ట్యాంకు ఫిల్టర్ రివ్యూ

ఇంట్లో ఎస్ప్రెసో తీసుకునే మెషిన్ బ్రెవిల్ బరిస్టా ఎక్స్‌ప్రెస్ ఉన్నవాళ్లు గింజలు ఎంత సన్నగా పొడి చేయాలన్న గ్రైండ్ సెట్టింగు గురించి గంటలు మాట్లాడతారు. వెనక ట్యాంకులో ఏ నీళ్లు పోస్తున్నారంటే మాత్రం "ఫిల్టర్ ఉందిగా" అని ఊరుకుంటారు. ఈ రివ్యూ ఆ ఫిల్టర్ గురించే. తీర్పు ముందే చెప్పేస్తే, సియాటిల్, శాన్‌ఫ్రాన్సిస్కో లాంటి మెత్తటి (సున్నం తక్కువున్న) నీళ్ల ఊళ్లలో అది పెట్టిన డబ్బుకు పని చేస్తుంది. హైదరాబాద్ బోరు నీళ్లకు చాలదు. లండన్‌లోనూ చాలదు. అక్కడ ఇదే మెషిన్‌ను సేజ్ పేరుతో అమ్ముతారు, నీళ్లేమో సున్నపు నేలల్లోంచి వస్తాయి.

ఫిల్టర్లు రెండు రకాలు. పాతది బొగ్గు బిళ్ల, రెండు నెలలకో 40 లీటర్లకో మార్చాలి. కొత్తది క్లారోస్విస్, దానికి గడువు మూడు నెలలు. రెండింటి హోల్డర్లు వేరు, కాబట్టి మెషిన్‌తో ఏది వచ్చిందో చూసుకుని ఆర్డర్ పెట్టండి. పెట్టే పద్ధతి తేలికే. ఫిల్టర్‌ను చల్లటి నీళ్ల కప్పులో ఐదు నిమిషాలు ముంచి ఉంచాలి. హోల్డర్ అడుగున ఉన్న జాలీని కుళాయి కింద కడిగి, ఫిల్టర్ బిగించి, డయల్‌ను వచ్చే మార్పు నెలకు తిప్పి, ట్యాంకులో అడుగుదాకా నొక్కాలి. నానబెట్టకుండా పొడిగా పెడితే అందులోని గాలి పంపులోకి వెళ్తుంది. మొదటి రెండు షాట్లు (ఒక్కోసారి తీసే ఎస్ప్రెసోను షాట్ అంటారు) పంపు గరగరమంటుంది, నీళ్లు తెగి తెగి వస్తాయి. పంపు పోయిందని కంగారు పడక్కర్లేదు, వేడినీళ్ల గొట్టం తెరిచి ఒక కప్పు వదిలితే సర్దుకుంటుంది.

అసలు విషయం లెక్కలో ఉంది. బొగ్గు పీల్చేది ప్రధానంగా క్లోరిన్‌ను, వాసనను. కాల్షియం దాన్ని దాటుకుని వెళ్లిపోతుంది. కాల్షియంను పట్టేది అయాన్లు మార్చే రెసిన్. ఇంత చిన్న కార్ట్రిడ్జిలో 30 మిల్లీలీటర్ల రెసిన్ ఉందనుకుందాం. రెసిన్ రకాన్ని బట్టి అది మొత్తం మీద సుమారు 3 నుంచి 6 గ్రాముల కాఠిన్యాన్ని, అంటే నీళ్లలో కరిగున్న సున్నాన్ని, పట్టగలదు. రోజుకు నాలుగు షాట్లు, రెండుసార్లు పాలు కాచడం, మధ్యలో కడగడానికి వదిలేవి కలిపితే 650 మిల్లీలీటర్ల దాకా నీళ్లు అవుతాయి. లీటరుకు 60 మిల్లీగ్రాముల కాఠిన్యమున్న నీళ్లయితే ఆ రెసిన్ రెండున్నర నెలలకు పైనే వస్తుంది. 400 మిల్లీగ్రాములున్న బోరు నీళ్లయితే? ఏడున్నర నుంచి 15 లీటర్లకే నిండిపోతుంది, అంటే పదకొండు రోజుల నుంచి మూడు వారాలు. డయల్ మీద మాత్రం ఇంకా రెండు నెలలు మిగిలే ఉంటాయి. మోసం చేసేది ఆ డయలే. అది క్యాలెండర్ చూస్తుంది, నీళ్లను చూడదు.

400 ఏమంత ఎక్కువా అనిపించొచ్చు. తాగునీటికి మన భారతీయ ప్రమాణం ఐఎస్ 10500 మొత్తం కాఠిన్యం 200 ఉంటే మంచిదంటుంది, వేరే దిక్కు లేనప్పుడు 600 దాకా ఒప్పుకుంటుంది. అంటే ల్యాబ్ రిపోర్టులో తాగడానికి పనికొస్తాయని రాసిన నీళ్లు కూడా మెషిన్‌ను ముంచగలవు. మెషిన్‌కూ రుచికీ కుదిరే కాఠిన్యం 50 నుంచి 85 మధ్య, ఆల్కలినిటీ (ఆమ్లాన్ని అణచే బైకార్బొనేట్ల మోతాదు) 40 నుంచి 70 మధ్య. ల్యాబ్ దాకా వెళ్లకుండా గుర్తుపట్టే దారి వంటింట్లోనే ఉంది. కందిపప్పు ఎంతసేపు పెట్టినా పలుకుగా మిగిలితే, సబ్బు నురగ రాకపోతే, గీజర్ కాయిల్ విప్పినప్పుడు తెల్లటి పెచ్చులు రాలితే ఆ నీళ్లు ట్యాంకులోకి వెళ్లకూడదు.

అంకె కావాలంటే టీడీఎస్ పెన్ను ఒక్కటే సరిపోదు. అది నీళ్లలో కరిగిన లవణాలన్నిటినీ కలిపి చూపిస్తుంది, అందులో సున్నం ఎంతో, ఉప్పు ఎంతో చెప్పదు. అక్వేరియం దుకాణాల్లో చుక్కలు వేసి చూసే రెండు సీసాల కిట్ దొరుకుతుంది, జీహెచ్ కాఠిన్యానికి, కేహెచ్ ఆల్కలినిటీకి. ఐదు మిల్లీలీటర్ల నీళ్లలో ఒక్కో చుక్క వేసి ఊపుతూ, రంగు మారేదాకా ఎన్ని చుక్కలు పడ్డాయో లెక్కపెట్టాలి. మామూలు కిట్లలో ఒక చుక్క అంటే ఒక జర్మన్ డిగ్రీ, లీటరుకు దాదాపు 18 మిల్లీగ్రాములు. జీహెచ్‌లో మూడు, నాలుగు చుక్కలకే రంగు మారితే నిశ్చింత. పదిహేను దాటితే ఆ నీళ్లు బట్టలుతకడానికే. చేపల కోసం తయారైన కిట్ కాఫీకి ఇంతగా పనికిరావడం చిత్రమే.

సున్నం ఎక్కడ పేరుకుంటుందో తెలిస్తే ఈ జాగ్రత్త దేనికో అర్థమవుతుంది. నీళ్లు వేడెక్కితే కరిగున్న కాల్షియం బైకార్బొనేట్ విడిపోతుంది. కార్బన్ డయాక్సైడ్ గాలిలోకి పోతే, కాల్షియం కార్బొనేట్ గోడకు అంటుకుంటుంది. ఈ మెషిన్‌లో పెద్ద బాయిలర్ లేదు, థర్మోకాయిల్ ఉంది. వేడి లోహం లోపల చుట్టలు తిరిగిన సన్నటి గొట్టం అది. షాట్ తీసేటప్పుడు నీళ్లు పారుతూ పోతాయి కాబట్టి కొంతే మిగులుతుంది. స్టీమ్ సంగతి వేరు. వేడి గొట్టంలోకి పంపు గుక్కెడు గుక్కెడుగా నీళ్లు కొడుతుంది, అవి అక్కడే ఆవిరవుతాయి. ఆవిరి పాలలోకి పోతుంది, సున్నంలో చాలా భాగం గొట్టంలోనే ఉండిపోతుంది. అందుకే రోజూ లాట్టే తాగే ఇంట్లో మెషిన్ ముందు మొరాయిస్తుంది.

అయితే ఏ నీళ్లు పోయాలి? మున్సిపాలిటీ కృష్ణా, మంజీర నీళ్లు నేరుగా వచ్చే ఇంట్లో చుక్కల పరీక్ష చేసి, కాఠిన్యం వందలోపుంటే ట్యాంకు ఫిల్టర్ పెట్టుకుని హాయిగా వాడుకోవచ్చు. అపార్ట్‌మెంటు సంపులో మున్సిపాలిటీ నీళ్లు, బోరు, ట్యాంకర్ కలిసిపోతే ఏ రోజు అంకె ఆ రోజుదే. అలాంటి చోట మొదలు ఆర్వో నీళ్లే. కాకపోతే దీనికీ ఒక తిరకాసుంది. బ్రెవిల్ మాన్యువల్ ఖనిజాలు పూర్తిగా తీసేసిన నీళ్లు వాడొద్దంటుంది. ఆల్కలినిటీ లేని నీళ్లతో కాఫీ పుల్లగా, పలచగా తగులుతుంది, ఆ నీళ్లు లోహాన్ని కూడా మెల్లగా తింటాయి. పెద్ద బాయిలర్లున్న ఖరీదైన మెషిన్లలో నీటి మట్టం చూసే లోహపు కడ్డీ ఉంటుంది. నీళ్లు విద్యుత్తును పట్టుకోకపోతే బాయిలర్ ఖాళీగా ఉందనుకుని అది నింపుతూనే పోతుంది.

దీనికి మందు వంట సోడా. బేకింగ్ పౌడర్ కాదు, దాన్లో ఆమ్లం, పిండి కలిపి ఉంటాయి. 8.4 గ్రాముల వంట సోడాను ఒక లీటరు ఆర్వో నీళ్లలో కరిగించి గాజు సీసాలో ఫ్రిజ్‌లో పెట్టుకోండి. బంగారం తూచే చిన్న త్రాసు ఉంటే మంచిది, చెంచా కొలతలు నమ్మడానికి లేదు. ఈ ద్రావణం లీటరు ఆర్వో నీళ్లకు 10 మిల్లీలీటర్లు, నిండు ట్యాంకు రెండు లీటర్లకు 20 మిల్లీలీటర్లు. దాంతో ఆల్కలినిటీ 50 వస్తుంది. కాల్షియం లేదు కనక సున్నం పుట్టే ప్రశ్నే లేదు. సోడియం లీటరుకు 23 మిల్లీగ్రాములు పెరుగుతుంది, ఒక చిన్న కప్పు కాఫీలో అది ఒకటో రెండో మిల్లీగ్రాములు. సోడియం వద్దనుకునేవాళ్లకు పొటాషియం బైకార్బొనేట్ ఉంది, లీటరు ద్రావణానికి 10 గ్రాములు. పద్ధతి అదే, పదార్థమే వేరు.

ఇది కలపడానికి ముందు మీ ఆర్వో వెనక ఏముందో చూడండి. చాలావాటిలో మినరల్ కార్ట్రిడ్జో, టీడీఎస్ కంట్రోలరో ఉంటుంది. కంట్రోలర్ మెంబ్రేన్ దాటని పచ్చి నీళ్లను కొంత తెచ్చి శుద్ధి నీళ్లలో కలిపే మర. బోరు ఇంట్లో దాన్ని టెక్నీషియన్ ఎక్కువగా తెరిచి వెళ్తే ముందు గుమ్మంలో ఆపిన సున్నం పెరటి దారిన వచ్చేస్తుంది. ఆర్వో కుళాయి నీళ్లకు కేహెచ్ పరీక్షలో రెండు మూడు చుక్కలు పడుతుంటే సోడా అక్కర్లేదు. ఒకటికే రంగు మారితే కలపండి. 20 లీటర్ల క్యాన్ నీళ్లు కూడా చాలాచోట్ల ఆర్వోవే, కానీ ఒక్కో క్యాన్‌కు ఒక్కో అంకె రావచ్చు, ప్రతిసారీ కొలుచుకోవాలి. ఆర్వో నీళ్లలో క్లోరిన్ ఉండదు కనక నిలవ ఉంటే ట్యాంకు గోడకు జిగురు పడుతుంది. రెండు రోజులకు మించి ఉంచకుండా పారబోసి, వారానికోసారి ట్యాంకును తోమండి. ఇలా వాడేవాళ్లకు ట్యాంకు ఫిల్టర్ దండగ. తీసేసినా నష్టం లేదు.

ఇక డీస్కేలింగ్, అంటే పేరుకున్న సున్నాన్ని కరిగించి తీసెయ్యడం. "క్లీన్ మీ" దీపం వెలిగితే సున్నం పేరుకుందని చాలామంది పొరపడతారు. అది దాదాపు 200 షాట్లకోసారి వెలిగేది, కాఫీ జిడ్డు కడగమని. దానికి రబ్బరు డిస్కు, క్లీనింగ్ మాత్ర కాఫీ పొడి నింపే బాస్కెట్‌లో వేసి, మెషిన్ ఆపేసి, ఒక కప్పు, రెండు కప్పులు, పవర్ బటన్లు మూడూ కలిపి మూడు సెకన్లు నొక్కాలి. ఐదు నిమిషాల్లో అయిపోతుంది. ఆ మాత్ర సున్నాన్ని తాకదు, సున్నం కరిగించే ఆమ్లం జిడ్డును తాకదు. రెండు మురికిలకు రెండు మందులు.

డీస్కేల్ చేయడానికి కిరాణా కొట్లో దొరికే నిమ్మ ఉప్పు (సిట్రిక్ ఆమ్లం) చాలు. ముందు ట్యాంకు ఫిల్టర్ తీసెయ్యాలి. లేకపోతే ఆమ్లం రెసిన్‌లో ఉన్న కాల్షియంను ఊడదీసి మెషిన్‌లోకే పంపుతుంది. లీటరు గోరువెచ్చటి నీళ్లలో 20 గ్రాముల నిమ్మ ఉప్పు పూర్తిగా కరిగించి పోయండి. పావు లీటరు గ్రూప్ (కాఫీ నీళ్లు దిగే తల) నుంచి, కొంత స్టీమ్ గొట్టం నుంచి, కొంత వేడినీళ్లుగా వదిలి, మెషిన్ ఆపి పదిహేను నిమిషాలు ఉంచండి. ఇలా ద్రావణం అయిపోయేదాకా చేసి, రెండు నిండు ట్యాంకుల మంచినీళ్లతో కడగాలి. మందు ఘాటుగా కలిపితే త్వరగా అవుతుందనుకోవద్దు. సున్నం మరీ ఎక్కువైతే నిమ్మ ఉప్పుతో కలిసి కాల్షియం సిట్రేట్ అనే తెల్లటి మడ్డి అవుతుంది, అది వేడికి ఇంకా గట్టిపడుతుంది. ముదిరిన మెషిన్‌కు లాక్టిక్ ఆమ్లం మేలు, డెలాంగి అమ్మే ఎకోడికాల్క్‌లో ఉండేది అదే. వెనిగర్ సున్నాన్ని కరిగిస్తుంది, కానీ ఆ వాసన గొట్టాలను ఓ పట్టాన వదలదు.

సున్నం మొదలైందని ముందుగా పసిగట్టే ఉపాయం ఒకటుంది. కొత్తగా ఉన్నప్పుడే పోర్టాఫిల్టర్ (బాస్కెట్ కూర్చునే పిడి) లేకుండా గ్రూప్ నుంచి పది సెకన్లు నీళ్లు కప్పులోకి వదిలి తూచండి. ఆ గ్రాములు ట్యాంకు మీద మార్కర్‌తో రాసిపెట్టుకోండి. నెలకోసారి మళ్లీ చూడండి. పదిహేను శాతం తగ్గితే డీస్కేల్ వేళ అయింది. అంత తగ్గకున్నా షాట్ ఆగాక డ్రిప్ ట్రేలోకి వచ్చే "స్‌స్" చప్పుడు పోయి, పోర్టాఫిల్టర్ విప్పితే పొడి తడిముద్దగా ఎగిరితే షాట్ తర్వాత ఒత్తిడి వదిలే వాల్వ్‌లో పెచ్చు ఇరుక్కుందని అర్థం. ఒక డీస్కేల్‌తో కదలకపోతే వాల్వ్ విప్పించాల్సిందే. స్టీమ్ ఒక్కటే తగ్గితే ముందు టిప్ విప్పి, పెట్టెలో వచ్చిన పిన్నుతో రంధ్రాలు పొడవండి. చాలాసార్లు అక్కడుండేది సున్నం కాదు, ఎండిన పాలు.

చివరగా ఒక మాట, అమెరికా నుంచి ఈ మెషిన్ సూట్‌కేసులో తేవాలనుకునేవాళ్లకు. అది 120 వోల్టులది. ఇక్కడి 230కి నేరుగా పెడితే మొదటి రోజే కాలిపోతుంది. ఆ తర్వాత నీళ్ల గొడవ ఎలాగూ ఉండదు.