మెట్రోనా, సిటీ బస్సా? ఊరికి కొత్తగా వచ్చిన పిల్లకు ఏది మేలు?

ఇంటర్ పూర్తి చేసిన మా అక్క కూతురు ఒంగోలు నుంచి హైదరాబాద్ వచ్చింది. తార్నాకలో హాస్టల్, అమీర్‌పేటలో కోచింగ్. పదిహేడేళ్లు వచ్చినా వీధి చివరి దుకాణం దాటి ఒంటరిగా వెళ్లి ఎరగదు. అక్క ఫోనులో ఒకటే మాట: "ఒరేయ్, దాన్ని మెట్రో తప్ప ఇంకేదీ ఎక్కనివ్వకు."

అక్క మాటలో న్యాయం ఉంది. నాగోలు–రాయదుర్గం మార్గంలో తార్నాక దగ్గర ఎక్కితే అమీర్‌పేట దాకా రైలు మారే పని లేదు. ట్రాఫిక్ గొడవ ఉండదు, ఆడవాళ్లకు విడిగా చోటుంటుంది. పరీక్ష రోజున నా ఓటూ మెట్రోకే. కానీ అందులో నెల తిరిగినా ఒక్క మనిషిని దారి అడిగే అవసరం రాదు.

ఆటో సంగతి ఎత్తను. మీటరు వేయమంటే వాళ్లు నవ్వే నవ్వు కొత్తవాళ్లు తట్టుకోలేరు.

బస్సయితే సికింద్రాబాద్‌లో దిగి 10హెచ్ పట్టుకోవాలి. అక్కడ ఒక్కో నంబరు ఒక్కో చోట ఆగుతుంది. ఎవరినో ఒకరిని అడగాలి, వాళ్లు తప్పు చెబితే ఇంకొకరిని అడగాలి. నేను వచ్చిన కొత్తలో రోడ్డుకు ఇవతలి వైపు ఎక్కి, నంబరు సరిగ్గానే ఉంది కదా అన్న ధీమాతో ఎదురు దిశలో అరగంట ప్రయాణించాను. ఆ తర్వాత ఎక్కే ముందు "ఎటు పోతుంది?" అని అడగడం అలవాటైంది.

ఖర్చు మాటకొస్తే, 2023 డిసెంబరు 9 నుంచి తెలంగాణ మహిళలకు ఆర్డినరీ, మెట్రో ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో జీరో టికెట్టు. మా పిల్ల ఆధార్‌లో ఉన్నది ఒంగోలు చిరునామా కాబట్టి డబ్బిచ్చి కొనుక్కోవాల్సిందే. అయినా నేను మొదటి నెల బస్సే ఎక్కమన్నాను.

మూడో రోజు ఫోను చేసింది. కండక్టరు చిల్లర లేదని, ఇవ్వాల్సింది టికెట్టు వెనక పెన్నుతో రాసిచ్చాడట. దిగే తొందరలో అడగడం మరిచిపోయింది.

"పోతే పోయిందిలే," అన్నాను.

"ఎందుకు పోతుంది మామయ్యా? ఆయన రోజూ ఇదే వేళకు వస్తాడట, స్టాపులో కనుక్కున్నాను. టికెట్టు దాచాను, రేపు అడుగుతాను. అమ్మకు మాత్రం బస్సని చెప్పకు."