1944 నాటి అల్బేనియా గురించి ఎవరి జ్ఞాపకాలు మేలు: హోజావా, బ్రిటిష్ అధికారులవా?

రెండో ప్రపంచ యుద్ధకాలంలో అల్బేనియా ప్రతిఘటన పోరాటం ఎలా నడిచిందో జ్ఞాపకాల ద్వారా తెలుసుకోదలచినవారికి ప్రధానంగా రెండు దారులున్నాయి: ఆ పోరాటంలో గెలిచి 1985లో మరణించేవరకు దేశాన్ని ఏలిన కమ్యూనిస్టు నాయకుడు ఎన్వర్ హోజా రచనలు ఒకటి, ఆ కొండల్లో పనిచేసిన బ్రిటిష్ అధికారుల పుస్తకాలు మరొకటి.

దొరకడంలో హోజావే సులువు. అల్బేనియా రాజధాని టిరానాలోని ప్రచురణకర్తలు వాటిని ఇంగ్లీషులోనూ ఇతర భాషల్లోనూ అచ్చువేసి విదేశాలకు పంపారు. 1986లో జాన్ హాలిడే వాటి నుంచి ఏర్చిన భాగాలను వ్యాఖ్యలతో ఒకే సంపుటిగా తెచ్చాడు. కొత్తవారికి ఆ సంపుటి చాలు, కాని పరిశీలనకు మూలాలు కావాలి. వాటిలో మొదట చూడవలసింది ముద్రణ సంవత్సరం. సోవియట్ నేత క్రుశ్చేవ్ వర్గంపై 1980లో వచ్చిన పుస్తకంలో ప్రధానమంత్రి మెహ్మెత్ షెహు, 1960 నవంబరు నాటి కమ్యూనిస్టు పార్టీల మాస్కో సమావేశంలో హోజా వెంట నిలిచిన సహచరుడు. 1981 డిసెంబరులో షెహు మరణించాడు. ప్రభుత్వం దాన్ని ఆత్మహత్యగా ప్రకటించి, తర్వాత అతనిపై విదేశీ గూఢచారి ముద్ర వేసింది. 1982లో యుగోస్లావియా నేత టిటో వర్గంపై వచ్చిన పుస్తకంలో ఆ సహచరుడే చిరకాల ద్రోహి అయ్యాడు. గతం మారలేదు; రాసేనాటి అవసరం మారింది.

బ్రిటిష్ వారి మాటా ఒక్కటి కాదు. డేవిడ్ స్మైలీ 1944లో అల్బేనియా మాజీ రాజు జోగ్ పక్షానికి చెందిన అబాజ్ కుపి వద్ద ఉన్నాడు. కుపిని తమ పైఅధికారులే చేజేతులా వదులుకున్నారన్నది 1984లో అతను రాసిన పుస్తకంలోని బాధ. హోజా ప్రభుత్వాన్ని కూల్చేందుకు పంపదలచిన ప్రవాసులకు అతనే 1949లో మాల్టాలో శిక్షణ ఇచ్చాడన్న సంగతి మరచి ఆ పుస్తకం చదవకూడదు. కమ్యూనిస్టుల నాయకత్వంలోని గెరిల్లాలైన పార్టిజాన్ల వెంట ఉన్న రెజినాల్డ్ హిబ్బర్ట్ మాత్రం 1991లో, జర్మన్లతో నిజంగా పోరాడినది వారేనని వాదించాడు.

యుద్ధ ఘటనల విషయంలో నా మొగ్గు బ్రిటిష్ పుస్తకాల వైపే, అయితే స్మైలీని, హిబ్బర్ట్‌ను కలిపి చదివినప్పుడే. ఒకే సైన్యానికి చెందిన ఇద్దరు పరస్పరం ఖండించుకోవడం వల్ల వివాదం ఎక్కడుందో పాఠకునికి కనిపిస్తుంది. హోజా పుస్తకంలో ఎదుటివారి వాదన కూడా హోజా మాటల్లోనే వినవలసి వస్తుంది. అధికారం తన చరిత్రను ఎలా తిరగరాసుకుంటుందో తెలియాలంటే మాత్రం హోజాకు సాటి లేదు. 1943 ఆగస్టులో ముక్యె గ్రామంలో కమ్యూనిస్టుల నాయకత్వంలోని ఫ్రంటుకు, కమ్యూనిస్టు వ్యతిరేక జాతీయవాద సంస్థ బల్లి కొంబెతార్‌కు కుదిరిన ఒప్పందం త్వరలోనే చెడిందన్నది ఇరుపక్షాలూ ఒప్పుకునే విషయం. అది ఎందుకు చెడిందన్న దగ్గరే దారులు విడిపోతాయి. అక్కడ ఏ జ్ఞాపకాన్నీ ఒంటరిగా నమ్మక, లండన్ శివార్లలో క్యూ అనేచోట బ్రిటిష్ జాతీయ దస్త్రాల భాండాగారంలో ఉన్న యుద్ధకాలపు దస్త్రాలతో పోల్చి చూడాలి.