నీడే అసలు ఒళ్లు: ఎవాంజెలియన్ 16వ భాగం

పెన్నలో ఇసుక తవ్విన గుంటలు పైకి మోకాటిలోతు నీళ్లలాగే ఉంటాయి. కాలు పెట్టాకే అసలు లోతు తెలిసేది. హిడెయాకి అన్నో తీసిన జపాన్ యానిమేషన్ సీరియల్ ‘నియాన్ జెనెసిస్ ఎవాంజెలియన్’ 16వ భాగంలో శత్రువు అచ్చం అట్లాంటిదే. టోక్యో-3 అనే నగరం మీద నలుపు తెలుపు చారల గోళం తేలుతుంటుంది. ఎవా అనే భారీ పోరు యంత్రాన్ని నడిపే కుర్రాడు షింజీ కాల్చగానే అది మాయమై, కాళ్ల కింద నల్లటి నీడ పరుచుకుని అతని ఎవాను మింగేస్తుంది. శాస్త్రవేత్త రిట్సుకో లెక్కగట్టి చెబుతుంది: 680 మీటర్ల వెడల్పు, 3 నానోమీటర్ల మందం ఉన్న ఆ నీడే దాని అసలు ఒళ్లు, పైన కనబడే గోళమే దాని నీడ.

ఈ తిరగేసిన లెక్క షింజీ మనసుకీ వర్తిస్తుంది. మొదట్లో, ఎవాతో ఎంత బాగా కలిసిపోతారో చూసే సింక్ పరీక్షలో తోటి పైలట్ అసుకాను దాటి అతనే ఫస్టు వస్తాడు. ర్యాంకుల మధ్య పెరిగే నెల్లూరు పిల్లలకు ఆ మురిపెం ఎట్లాంటిదో చెప్పనక్కర్లేదు. ఎవరో మెచ్చుకుంటే తప్ప తనకు విలువ లేదనుకునే కుర్రాడు ఆ మార్కుల ఊపులో ముందుకు దూకి, మిగతా ఇద్దరు పైలట్లూ చేరకముందే కాలుస్తాడు. పైకి కనబడే గోళం ఆ మార్కులైతే, కింద పరుచుకున్నది అతని భయం.

నీడ లోపల చిక్కిన ఎవాలో ప్రాణం నిలిపే కరెంటు 16 గంటలే. అది అయిపోవస్తుండగా సాయంత్రపు వెలుగు పడ్డ రైలుపెట్టె వస్తుంది, ఎదుటి సీట్లో ఇంకో షింజీ. మిసాతో అనే అతని పైఅధికారి మనసులో ఒక షింజీ, అసుకా మనసులో ఒకడు, తండ్రి మనసులో ఇంకొకడు. అందరూ వేరే, అందరూ నిజమే అని ఆ రెండోవాడి మాట. బయట మిసాతో, రిట్సుకో గొడవపడుతుంటారు. ఎన్‌2 అనే భారీ బాంబులు 992 వేసైనా ఎవాను వెనక్కి తేవాలనేది పథకం, పిల్లాడి ప్రాణం ఆ తర్వాతే. లోపలి ప్రశ్నకు బయట దొరికే జవాబు ఇదన్నమాట, గుండె కలుక్కుమంటుంది.

ఈ భాగం జపాన్ పేరు నిరాశ మీద తత్వవేత్త కీర్కెగార్డ్ రాసిన పుస్తకాన్ని గుర్తుచేస్తుంది. ఇంగ్లీషు పేరు, పసిబిడ్డ తల్లిరొమ్మును మంచిది, చెడ్డది అని రెండుగా చూస్తుందన్న మానసిక విశ్లేషకురాలు మెలనీ క్లైన్ సిద్ధాంతానిది. ఇది తెలిస్తే గోళాన్ని చీల్చుకుని నెత్తుటితో ఎవా బయటపడే ఘట్టం కాన్పులా కనిపిస్తుంది. రైలు సంభాషణలో మాత్రం కొన్నిచోట్ల పాఠం చెప్పినట్టుంటుంది. ఆ మాటల్లో సగం తగ్గించినా ఎదుటి సీటు చాలు.

నిడివి ఇంచుమించు 24 నిమిషాలు. జపాన్ గొంతులు, సబ్‌టైటిల్స్‌తో చూడండి. వేగం పెంచితే రైలులోని మౌనాలు పోతాయి. పట్టపగలు ఫోన్‌లో చూస్తే చీకటి ఘట్టాలు అసలు కనబడవు. రాత్రి లైటార్పి పెద్ద తెర మీద చూడాల్సిందే. ముందరి 15 భాగాలు, ముఖ్యంగా 4వది, వదిలేసి నేరుగా ఇక్కడికి వస్తే షింజీ గొప్పలు ఒట్టి పొగరులా తోస్తాయి.

చివర ఆసుపత్రి మంచం మీద అతను చెయ్యి ముక్కు దగ్గర పెట్టుకుంటాడు. నెత్తుటి వాసన ఇంకా పోలేదు.