పులి కోసం కాదు: మన్ననూరు, ఫరహాబాద్, మల్లెలతీర్థం

మనసు బాగోలేదంటే చాలు, "నాలుగు రోజులు అడవికి పోయి రా" అని సలహా ఇచ్చేవాళ్లకు కొదవలేదు. ఏ అడవికి పోవాలి, ఎక్కడ దిగాలి, అక్కడ ఏం చేయాలి అన్నది మాత్రం ఎవరూ చెప్పరు. నాకు తెలిసి తేడా అంతా అక్కడే ఉంది.

హైదరాబాద్ నుంచి శ్రీశైలం రోడ్డులో సుమారు 140 కిలోమీటర్లు పోతే మన్ననూరు వస్తుంది. అమ్రాబాద్ టైగర్ రిజర్వ్‌లోకి వెళ్లే దారి ఇదే. అటవీ శాఖ కాటేజీలు ఇక్కడున్నాయి. బస, సఫారీ, అడవిలో నడక కలిపి ప్యాకేజీగా ఆన్‌లైన్‌లో బుక్ చేసుకోవచ్చు. గదులు శుభ్రంగా ఉన్నాయి, భోజనం సాదాసీదా. హంగులు కావాలనుకునేవాళ్లకు నచ్చదు. లోపలికి పోయేకొద్దీ ఫోన్ సిగ్నల్ అంతంతమాత్రమే. మొదటి రాత్రి నాకు అదే పెద్ద ఇబ్బందిగా అనిపించింది. చెయ్యి ఊరికే జేబులోకి పోతుంటుంది.

సఫారీ ఫరహాబాద్ గేటు నుంచి మొదలవుతుంది. నిజాం కాలంలో వేటకు వచ్చిన చోటు. జీపు కదిలిన దగ్గర్నుంచి వెనక సీట్లో ఒకటే గోల, "అన్నా, పులి కనబడుతుందా?" అని. దుప్పుల మంద ఎదురొస్తే "జింకలేగా" అనేశారు. నిజం చెప్పాలంటే నేనూ లోపల లెక్కలే వేసుకుంటున్నా: ఇంత డబ్బు పెట్టాం, ఇప్పటిదాకా ఏం కనబడింది అని. ఆఫీసులో టార్గెట్ల వెంట పరిగెత్తే బుర్రే జీపెక్కి అడవిలోకి వచ్చింది. వ్యూ పాయింట్ దగ్గర లోయ బాగుంది. అయినా సఫారీ నుంచి తిరిగొచ్చాక తలలో రొద మాత్రం తగ్గలేదు.

తగ్గింది మర్నాటి నడకలో. మా వెంట వచ్చిన గైడు చెంచు ఆయన, మాటలు తక్కువ. ఒక పుట్ట దగ్గర ఆగి, "ఎలుగు తవ్వింది సారూ, రాత్రే" అన్నాడు. నాకు కనబడింది మట్టి గుంత ఒక్కటే. ఆయన కూర్చోబెట్టి చూపించాక తెలిసింది. గోళ్లు దిగిన చోట మట్టి ఇంకా తడిగా ఉంది. చెదలు అప్పుడే గుంత అంచులను పూడ్చుకుంటున్నాయి. ఎంతసేపు చూశానో తెలియదు. కొన్ని వారాలుగా తలకాయంతా ఆక్రమించిన ఆఫీసు గొడవ ఆ కాసేపు గుర్తుకే రాలేదు.

అమెరికాలోని బర్క్లీలో కొందరు మనస్తత్వ శాస్త్రవేత్తలు చేసిన ప్రయోగం ఒకటి 2015లో అచ్చయింది. అరవై మీటర్లు దాటిన యూకలిప్టస్ చెట్లను ఒక్క నిమిషం తలెత్తి చూసినవాళ్లు, పక్కనున్న భవనం వైపు చూసినవాళ్లకంటే కింద పడిన పెన్నులు ఏరివ్వడంలో ముందున్నారట. పెద్దదాని ముందు "నేను" అన్నది కాస్త చిన్నదవుతుందని వాళ్ల వాదన. మన్ననూరు ఉన్న ఈ నల్లమల అడవిలో అంత పొడుగు చెట్లు లేవు. మద్ది, తునికి, ఇప్ప, వెదురు, అంతే. ఇక్కడ నన్ను చిన్నవాణ్ని చేసింది ఎత్తు కాదు, కాళ్ల కిందే ఉన్నది కూడా చదవలేకపోవడం. అందులో అవమానమేమీ లేదు, పైగా ఎంతో తేలిక.

ఒక మాట. నాకు ప్రశాంతత దొరికిన చోటే ఆ చెంచు గైడుకు డ్యూటీ. దారి పొడుగునా ఆయన అడిగింది హైదరాబాద్‌లో కొడుక్కి ఏమైనా పని దొరుకుతుందా అనే. అడవి మనిషికి దిగులే ఉండదన్నట్టు రాసేవాళ్లను చూస్తే అందుకే చిరాకు.

మల్లెలతీర్థం జలపాతానికి ఇదే శ్రీశైలం రోడ్డులో వటవర్లపల్లి దగ్గర పక్కకు తిరగాలి. దాదాపు 350 మెట్లు దిగాలి, మళ్లీ ఎక్కాలి. మోకాళ్ల నొప్పులుంటే ఆలోచించుకోండి. ఆదివారం స్పీకర్ల మోతలో నీళ్ల చప్పుడు వినబడదు. పనిరోజు పొద్దున్నే పోతే వేరే లోకం.

ఇదే రోడ్డులో "నేచర్ స్టే" అని బోర్డు పెట్టుకున్న ఒక ప్రైవేటు రిసార్టులోనూ దిగాను. రెయిన్ డ్యాన్స్, రాత్రి పదకొండు దాకా డీజే. చెట్లున్నాయి, కుండీల్లో. ఆ డబ్బుకు ఇంట్లో పడుకోవడం మేలు.

మరీ నిశ్శబ్దం పడనివాళ్లకు, పిల్లలున్నవాళ్లకు నేనైతే మారేడుమిల్లి చెబుతాను. రాజమండ్రి నుంచి సుమారు 85 కిలోమీటర్లు. వాగుల్లో కాళ్లు పెట్టుకుని కూర్చోవచ్చు, బొంగు చికెన్ ఉంటుంది, ఎప్పుడూ ఏదో ఒక సందడి. మనసు కుదుటపడుతుంది గానీ మన్ననూరు నడకలో లాగా మనల్ని మనం మరిచిపోయే వీలు తక్కువ.

వారాల తరబడి నిద్ర పట్టనివాళ్లు, బతుకు మీద విరక్తి పుట్టినవాళ్లు ముందు డాక్టర్ దగ్గరికి పోండి, ఈ టూర్లన్నీ తర్వాత.

మన్ననూరు పోవాలంటే వానలు తగ్గాక నవంబరు, డిసెంబరు మంచి అదను. జూలై నుంచి సెప్టెంబరు దాకా సఫారీ ఉండదు. శ్రీశైలం దర్శనం కూడా కలుపుకునేటట్టయితే తిరుగు ప్రయాణం పగలే పెట్టుకోండి. రాత్రి 9 నుంచి పొద్దున 6 దాకా అడవి చెక్‌పోస్టుల దగ్గర బండ్లను వదలరు.